చంద్రుడిపై ప్రైవేటు స్థావరాలు: ఓరుగల్లులో నన్ను అడిగే ప్రశ్నలు, నా జవాబులు

నేను హనుమకొండలో భౌతికశాస్త్రం చెప్పే ఉపాధ్యాయుణ్ణి. శుక్లపక్షంలో ఆకాశం తేటగా ఉన్న సాయంత్రాలు మా బడి మైదానంలో టెలిస్కోపు పెట్టి చంద్రుణ్ణి చూపిస్తుంటాను. 2023 ఆగస్టు 23న చంద్రయాన్-3 దిగిన తర్వాత చూడవచ్చేవాళ్ల వరుస పెరిగింది, ప్రశ్నలు కూడా మారాయి. అంతకుముందు "ఆ మచ్చలేమిటి సార్" అనేవాళ్లు. ఇప్పుడు "అక్కడ కంపెనీలు ఇళ్లు కడతాయట, నిజమేనా" అంటున్నారు. పిల్లలు, వాళ్లను తీసుకొచ్చే తల్లిదండ్రులు, భూపాలపల్లి, గోదావరిఖని నుంచి వచ్చిన సింగరేణి కార్మికులు మళ్లీ మళ్లీ అడిగినవాటిని ఇక్కడ ఒకచోట చేర్చాను.

కంపెనీలు చంద్రుడిపై స్థావరం కట్టడం మొదలుపెట్టాయా?

లేదు. ఇంకా ఒక్క ఇటుక కూడా పడలేదు. 1969 నుంచి 1972 దాకా 12 మంది ఆ నేలపై నడిచారు. వాళ్లలో అందరికంటే ఎక్కువసేపు ఉన్న అపోలో 17 జంట కూడా సుమారు 75 గంటలే ఉంది. ఆ తర్వాత అక్కడ ఒక్క రాత్రి గడిపిన మనిషి లేడు. కంపెనీలు ఇప్పుడు చేస్తున్నది సామాను మోసే పని. దాన్ని తక్కువ చేసి చెప్పడం లేదు. బండి బాట పడకుండా ఏ ఊరూ వెలవదు.

ఇంతవరకు ఏ కంపెనీ ఎంతదూరం వచ్చింది?

కథ 2007లో మొదలైంది. చంద్రుడిపై రోవర్‌ను దింపి 500 మీటర్లు నడిపిన ప్రైవేటు బృందానికి 2 కోట్ల డాలర్లు ఇస్తామని గూగుల్ లూనార్ ఎక్స్‌ప్రైజ్ పోటీ ప్రకటించారు. 2018 మార్చిలో గడువు ముగిసేనాటికి ఎవరూ గెలవలేదు. చివరిదాకా నిలిచిన అయిదు బృందాల్లో బెంగళూరుకు చెందిన టీమ్ ఇండస్ ఒకటి. ఆ పోటీలోనే ఉన్న ఇజ్రాయెల్ బృందం పట్టు వదలక 2019 ఫిబ్రవరిలో బెరెషీట్‌ను పంపింది. ఏప్రిల్‌లో అది నేలను ఢీకొట్టింది. జపాన్ కంపెనీ ఐస్పేస్ 2023 ఏప్రిల్‌లో ఒకసారి, 2025 జూన్‌లో మరోసారి ప్రయత్నించింది. రెండుసార్లూ ల్యాండర్ కూలిపోయింది. అమెరికా కంపెనీ ఆస్ట్రోబోటిక్ 2024 జనవరిలో పంపిన పెరిగ్రిన్ దారిలోనే ఇంధనం కారిపోయి చంద్రుణ్ణి చేరలేదు.

2024 ఫిబ్రవరి 22న ఇంట్యూటివ్ మెషీన్స్ వారి ఒడిస్సియస్ దిగింది. మెత్తగా దిగిన మొదటి ప్రైవేటు ల్యాండర్ అదే, కాని కాలు విరిగి ఒరిగిపోయింది. 2025 మార్చి 2న ఫైర్‌ఫ్లై ఏరోస్పేస్ వారి బ్లూ ఘోస్ట్ నిటారుగా దిగి, ఒక చంద్రపగలు మొత్తం, అంటే మన లెక్కలో సుమారు 14 రోజులు, చక్కగా పనిచేసింది. ఆ మార్చి 6నే ఇంట్యూటివ్ మెషీన్స్ రెండో ల్యాండర్ అథీనా దక్షిణ ధ్రువానికి దగ్గరలో ఒక గుంతలో పక్కకు పడిపోయింది.

మనుషుల్ని దింపే పెద్ద వాహనాల పని రెండు కంపెనీల చేతిలో ఉంది. 2021 ఏప్రిల్‌లో స్పేస్‌ఎక్స్‌కు 289 కోట్ల డాలర్ల కాంట్రాక్టు, 2023 మేలో బ్లూ ఆరిజిన్‌కు 340 కోట్ల డాలర్ల కాంట్రాక్టు నాసా ఇచ్చింది. స్పేస్‌ఎక్స్ స్టార్‌షిప్ చంద్రుడి దాకా వెళ్లాలంటే ముందు భూకక్ష్యలో ఇంధనం నింపుకోవాలి. అందుకు పదికి పైగా ట్యాంకర్ ప్రయాణాలు కావాలని అంచనా. ఆ కక్ష్యలో ఇంధనం నింపే విద్య పట్టుబడితేనే మిగతా మాటలన్నీ.

ఇన్ని ల్యాండర్లు ఎందుకు పడిపోతున్నాయి? 1969లోనే చేసిన పని కదా?

ఈ ప్రశ్న నాకు చాలా ఇష్టం, ఎందుకంటే జవాబులో ఎక్కువ భాగం ఒకే మాట: ఎత్తు.

చంద్రుడిపై గాలి లేదు కాబట్టి పారాచూట్ పనిచేయదు. ఇంజిన్ మంటతోనే వేగం తగ్గించుకోవాలి. ఎంత మండించాలో తెలియాలంటే నేల ఎంత దూరంలో ఉందో క్షణక్షణం తెలియాలి. 2023లో ఐస్పేస్ ల్యాండర్ ఒక పెద్ద గుంత అంచు దాటింది. కింద నేల ఒక్కసారిగా సుమారు 3 కిలోమీటర్లు దిగిపోయింది. ఎత్తు కొలిచే సాధనం ఉన్నదున్నట్టే చెప్పింది. కాని అంత తేడా రాదని సాఫ్ట్‌వేర్ ఆ కొలతను పక్కన పెట్టింది. నేలకు ఇంకా 5 కిలోమీటర్ల పైన ఉండగానే దిగేశానని అనుకుంది. అక్కడే తేలుతూ ఇంధనం అయిపోగొట్టుకుని పడిపోయింది. చీకట్లో మెట్లు దిగేటప్పుడు చివరి మెట్టు వచ్చేసిందనుకుని కాలు చాపితే ఏమవుతుందో పిల్లలకు వేరే చెప్పనక్కరలేదు. ఒడిస్సియస్‌లో ఎత్తు కొలిచే లేజర్‌కు భద్రత కోసం పెట్టిన మీటను ప్రయోగానికి ముందు తీయలేదు. అథీనాకూ, ఐస్పేస్ రెండో ల్యాండర్‌కూ ఎత్తు కొలతే ఎదురు తిరిగింది.

అపోలో 11లో చివరి నిమిషాల్లో నీల్ ఆర్మ్‌స్ట్రాంగ్ కిటికీలోంచి రాళ్లను చూసి, వాహనాన్ని చేత్తో నడిపి ఖాళీ చోటికి తీసుకెళ్లాడు. ఈ ల్యాండర్లలో అలా చూసి నడిపే మనిషి లేడు. మన చంద్రయాన్-2 ల్యాండర్ కూడా 2019 సెప్టెంబరులో పడిపోయింది. ఆ లోపాలను ఒక్కొక్కటిగా వెతికి సరిచేసుకున్నాకే చంద్రయాన్-3 నిలబడింది. పడినవాళ్లను చూసి పెదవి విరిచే పెద్దలకు నేను ఈ మాట తప్పకుండా చెబుతాను.

శాశ్వత స్థావరానికి అసలు పరీక్ష ఏమిటి?

రాత్రి. చంద్రుడిపై రాత్రి మన 14 రోజులంత ఉంటుంది. మధ్యరేఖ దగ్గర పగలు సుమారు 120 డిగ్రీల సెల్సియస్ వేడి, రాత్రి సున్నాకు 130 డిగ్రీల కిందికి చలి. బ్లూ ఘోస్ట్ సూర్యాస్తమయం తర్వాత కొన్ని గంటలే పనిచేయగలిగింది. మన విక్రమ్, ప్రజ్ఞాన్‌లను 2023 సెప్టెంబరులో నిద్రపుచ్చారు. తెల్లవారాక పిలిస్తే అవి పలకలేదు. ఆ వారం మా తరగతిలో పిల్లలు రోజూ "లేచిందా సార్" అని అడిగేవాళ్లు.

చెరువు కట్ట ఎంత గట్టిదో కట్టిన నాడు తెలియదు, మొదటి వానాకాలం గడిచాక తెలుస్తుంది. ఏ కంపెనీ అయినా శాశ్వత స్థావరం అంటే నేను ముందు అడిగేది ఇదే: మీ యంత్రం ఎన్ని రాత్రులు దాటింది?

అందరూ దక్షిణ ధ్రువమే ఎందుకు అంటున్నారు?

నీళ్ల కోసం, వెలుగు కోసం. ధ్రువం దగ్గర సూర్యుడు అడ్డంగా, క్షితిజం అంచునే తిరుగుతాడు. కొన్ని కొండ అంచులకు ఏడాదిలో ఎక్కువ కాలం ఎండ తగులుతుంది. వాటి పక్కనే ఉన్న లోతైన గుంతల అడుగుకు కోట్ల ఏళ్లుగా ఎండ పడలేదు. షాకిల్టన్ గుంత వెడల్పు సుమారు 21 కిలోమీటర్లు, లోతు 4 కిలోమీటర్ల పైన. అలాంటి నీడల్లో చలి సున్నాకు 200 డిగ్రీల కంటే కిందికి పోతుంది కాబట్టి అక్కడ చేరిన మంచు ఆవిరి కాకుండా నిలుస్తుంది.

ఈ కథలో మన దేశపు వంతు పెద్దది. 2008 అక్టోబరు 22న బయలుదేరిన చంద్రయాన్-1 మోసుకెళ్లిన పరికరమే చంద్రుడి మట్టిలో నీటి ఆనవాళ్లు చూపింది. 2009లో ఆ సంగతి ప్రపంచానికి తెలిసింది. అదే ఏడాది అక్టోబరు 9న నాసా కేబియస్ గుంతలోకి ఒక రాకెట్ భాగాన్ని కూల్చి, ఎగసిన ధూళిని పరీక్షిస్తే బరువులో సుమారు 5.6 శాతం నీరు లెక్క తేలింది. అయితే ఆ మంచు పలకలుగా ఉందా, మట్టిలో నలుసులుగా కలిసిపోయి ఉందా అన్నది తవ్వి చూస్తేనే తెలిసేది. అథీనా తీసుకెళ్లిన డ్రిల్లు పని అదే. ల్యాండర్ పక్కకు పడటంతో డ్రిల్లు కదిలింది కాని నేలను తాకలేదు. నీటిని వెతకాల్సిన నాసా రోవర్ వైపర్‌ను అక్కడికి చేర్చే పని 2025 సెప్టెంబరులో బ్లూ ఆరిజిన్‌కు దక్కింది.

ఇల్లు దేనితో కడతారు? ఇక్కడి నుంచి సిమెంటు తీసుకెళ్తారా?

తీసుకెళ్తే ధర ఇలా ఉంటుంది. చంద్రుడి నేలకు సామాను చేర్చడానికి ఆస్ట్రోబోటిక్ ప్రకటించిన ధర కిలోకు 12 లక్షల డాలర్లు, మన డబ్బులో పది కోట్ల రూపాయల పైన. మన ఇటుక బరువు మూడు కిలోలు అనుకుంటే ఒక్క ఇటుకకు ముప్ఫై కోట్లు. పెద్ద రాకెట్లు వచ్చి ఈ ధర వందో వంతుకు దిగినా ఇక్కడి నుంచి గోడలు మోయడం కుదరదు.

అందుకే అక్కడి మట్టితోనే కట్టాలి. అక్కడి మట్టి కోట్ల ఏళ్ల ఉల్కల దెబ్బలకు నలిగిన రాతిపొడి. దాన్ని వేడి చేసి, లేజర్‌తో కరిగించి పొరలు పొరలుగా పేర్చే యంత్రం కోసం టెక్సస్‌లోని ఐకాన్ అనే ఇళ్ల కంపెనీకి 2022లో నాసా 5.72 కోట్ల డాలర్లు ఇచ్చింది. మన ఇస్రో, బెంగళూరు భారతీయ విజ్ఞాన సంస్థ పరిశోధకులు కలిసి చంద్రమట్టిని పోలిన పొడిలో యూరియా, గోరుచిక్కుడు గింజల జిగురు, ఒక రకం బ్యాక్టీరియా కలిపి ఇటుకలు పెంచారు. ఆ విషయం 2020లో బయటికొచ్చింది. పరీక్షలకు చంద్రమట్టి లాంటి పొడిని ఇస్రో తమిళనాడులోని సిత్తంపూండి దగ్గరి రాళ్ల నుంచి తయారుచేసుకుంది. చంద్రుడి ఎత్తైన ప్రాంతాల్లో ఉండే అనార్థోసైట్ రాయి అక్కడ దొరుకుతుంది.

రామప్ప గుడి తేలే ఇటుకలు చంద్రుడిపై పనికొస్తాయా?

దాదాపు ప్రతిసారీ ఎవరో ఒకరు అడుగుతారు. పాలంపేట మనకు అంత గర్వకారణం మరి. 1213 నాటి ఆ గుడి శిఖరానికి నీటికంటే తేలికైన ఇటుకలు వాడారు. కింద ఇసుక నింపిన పునాదిపై మోయాల్సిన బరువు తగ్గించడం ఆ శిల్పుల ఆలోచన. భూమిపై అది అమోఘమైన ఉపాయం.

చంద్రుడిపై సమస్య తలకిందులవుతుంది. అక్కడ గురుత్వం ఆరో వంతే. బయట గాలి లేదు. మనం ఉండే గదిలో మాత్రం ఊపిరికి గాలి నింపాలి. భూమిపై ఉన్నంత ఒత్తిడితో నింపితే ఆ గాలి కప్పును చదరపు మీటరుకు పది టన్నుల బలంతో పైకి నెడుతుంది. కప్పుపై మూడు మీటర్ల మందాన చంద్రమట్టి పోసినా అది కిందికి నొక్కేది చదరపు మీటరుకు ఒక టన్ను కూడా ఉండదు. అంటే అక్కడ కప్పు కూలిపోదు, ఎగిరిపోవాలని చూస్తుంది. ఇటుక నొక్కుడును భరిస్తుంది కాని లాగుడును భరించదు. కాబట్టి లోపల గాలిని పట్టి ఉంచడానికి లోహపు డబ్బా గాని, గట్టి కృత్రిమ నూలు పొరలతో చేసి ఊదే సంచి గది గాని కావాలి. మట్టి, ఇటుక పైన కప్పే దుప్పటి మాత్రమే. ఆ దుప్పటి పని రేడియేషన్‌ను ఆపడం కాబట్టి అది తేలికగా కాదు, మందంగా ఉండాలి. చైనా ల్యాండర్ చాంగె-4 కొలిచిన లెక్కలో చంద్రుడి నేలపై మనిషికి రోజుకు సుమారు 1.37 మిల్లీసీవర్ట్‌ల రేడియేషన్ తగులుతుంది. అంతర్జాతీయ అంతరిక్ష కేంద్రంలో కంటే అది రెండున్నర రెట్ల పైమాటే.

ఆ సంచి గదుల గురించి ఒక్క మాట. బిగెలో ఏరోస్పేస్ అనే కంపెనీ వాటిని తయారుచేసి, ఒకదాన్ని 2016లో అంతరిక్ష కేంద్రానికి తగిలించింది కూడా. చంద్రుడి చుట్టూ, చంద్రుడిపై వాటితో స్థావరాలు పెడతామని ప్రకటించింది. 2020లో ఉద్యోగులందరినీ తీసేసింది. గది ఇంకా పనిచేస్తోంది, కంపెనీ లేదు. మనుషుల ఊపిరి ఒక కంపెనీ బతుకుపై ఆధారపడితే ఎలా అన్న బెంగ నాకు అక్కడి నుంచే మొదలైంది.

బొగ్గుబావిలో లాగా నేల కింద ఉండవచ్చా?

ముప్ఫై ఏళ్లు భూగర్భ గనిలో షిఫ్టులు చేసిన ఒక పెద్దాయన అడిగారిది. ఉండవచ్చు, అదే మంచిదని చాలామంది శాస్త్రవేత్తల ఆలోచన కూడా. ఒకప్పుడు లావా పారి ఖాళీ అయిన సొరంగాలు చంద్రుడిలో ఉన్నాయి. కొన్నిచోట్ల వాటి కప్పు కూలి బావిలాంటి నోరు తెరుచుకుంది. మొదటిదాన్ని జపాన్ కగుయా నౌక చిత్రాల్లో 2009లో గుర్తించారు. ప్రశాంతి సముద్రం అని పిలిచే నీళ్లు లేని లావా మైదానంలోని ఒక నోటి కింద గుహ ఉందని రాడార్ ఆధారాలతో 2024లో తేలింది. ఇలాంటి నోళ్లలో నీడ పట్టున ఉష్ణోగ్రత సుమారు 17 డిగ్రీల దగ్గర నిలకడగా ఉంటుందని 2022లో లెక్కగట్టారు. మనకు మార్గశిర మాసపు తెల్లవారుజాము ఎంతో అంత.

నేను ఈ మాటలు చెబుతుంటే ఆ పెద్దాయన అడిగినవి ఇంకా మంచివి. గాలి ఎటు నుంచి తోస్తారు? రెండో దారి ఉందా? గాలి చెడిందని ముందు ఎవరికి తెలుస్తుంది? షిఫ్టు దిగినవాళ్ల లెక్క ఎవరు రాస్తారు? గనిలో మనిషి బతికేది ఈ నాలుగింటిపైనే. కంపెనీలు విడుదల చేసే రంగుల బొమ్మల్లో గాజు గోపురాలు, పచ్చని తోటలు కనిపిస్తాయి. ఈ నాలుగు ప్రశ్నలకు జవాబు కనిపించదు. చంద్రస్థావరం నమూనా గీసే ఇంజినీర్లు గని కార్మికుల దగ్గర ఒక నెల కూర్చోవాలని మనస్ఫూర్తిగా అనుకుంటాను.

గాలి, నీరు, తిండి?

మనిషికి రోజుకు సుమారు 0.84 కిలోల ఆక్సిజన్ కావాలి. చంద్రమట్టి బరువులో 40 శాతం పైగా ఆక్సిజనే, కాని ఖనిజాల్లో బంధించి ఉంది. మట్టిని కరిగించి కరెంటు పంపితే అది విడివడుతుంది. వెంట ఇనుము, సిలికాన్, అల్యూమినియం వస్తాయి. ఈ పద్ధతిలో చంద్రమట్టిని పోలిన పొడి నుంచి సోలార్ సెల్స్ కూడా చేశామని బ్లూ ఆరిజిన్ 2023లో ప్రకటించింది. ప్రైవేటు ప్రయత్నాలన్నిటిలో నాకు బాగా ఆశ కలిగించింది ఇదే, రాకెట్ల కంటే కూడా. నీటిని వాడి, శుద్ధి చేసి, మళ్లీ వాడటంలో అంతరిక్ష కేంద్రం 2023లో 98 శాతం చేరింది. మిగిలిన 2 శాతానికి చంద్రమంచు అక్కరకొస్తుంది.

తిండి విషయంలో మన పత్తి రైతులకు నచ్చే సంగతి ఒకటుంది. చంద్రుడిపై మొలకెత్తిన మొదటి గింజ పత్తి గింజ. 2019 జనవరిలో చాంగె-4 లోపల మూసిన డబ్బాలో మొలిచింది. రాత్రి రాగానే చలికి చనిపోయింది. అపోలో తెచ్చిన అసలు చంద్రమట్టిలో ఆవాల జాతి మొక్కలు మొలిచాయని 2022లో అమెరికా శాస్త్రవేత్తలు చూపారు. మొలిచాయి కాని గిడసబారాయి. కాబట్టి చాలాకాలం తిండి ఇక్కడి నుంచే వెళ్లాలి.

కరెంటు ఎలా?

ధ్రువపు కొండ అంచులపై సోలార్ పలకలు, చీకటి రోజులకు బ్యాటరీలు, పెద్ద అవసరాలకు చిన్న అణు రియాక్టరు. నాసా 100 కిలోవాట్ల రియాక్టరును 2030 నాటికి అక్కడ పెట్టాలని 2025లో లక్ష్యం ప్రకటించింది. రామగుండం ఎన్‌టీపీసీ 2,600 మెగావాట్లు. దాంతో పోలిస్తే ఇది ఒక చిన్న వీధికి సరిపోయే కరెంటు. కాని ఆ వీధిలో గాలి కూడా కరెంటుతోనే వస్తుంది.

ధూళి అంత ప్రమాదమా?

అవును. అక్కడ గాలి, నీరు లేనందున రాతి నలుసుల అంచులు అరిగిపోవు, గాజుపెంకుల్లా పదునుగా ఉంటాయి. బట్టలకు, కీళ్లకు, అద్దాలకు అంటుకుని కోస్తాయి. గ్రానైటు పాలిష్ యూనిట్ల దగ్గర పనిచేసేవాళ్లకు ఊపిరితిత్తుల్లో చేరే రాతిపొడి అంటే ఏమిటో తెలుసు. బ్లూ ఘోస్ట్‌పై విద్యుత్ క్షేత్రంతో ధూళిని విదిలించే పరికరాన్ని పరీక్షిస్తే బాగా పనిచేసింది.

దీనికి డబ్బు ఎవరు పెడుతున్నారు? లాభం ఎక్కడుంది?

సూటిగా చెప్పాలంటే, ఇప్పటికి పెద్ద కొనుగోలుదారు ప్రభుత్వమే. నాసా తన పరికరాలను మోయించుకోవడానికి 2018లో పెట్టిన పథకం కింద 2028 దాకా 260 కోట్ల డాలర్ల వరకు ఖర్చు చేయవచ్చు. కంపెనీల సొంత పెట్టుబడి కూడా ఉంది, ముఖ్యంగా బ్లూ ఆరిజిన్‌లో. అయినా ప్రభుత్వం చెయ్యి తీసేస్తే నిలబడే చంద్రవ్యాపారం ఇంకా పుట్టలేదు. 2012లో గోల్డెన్ స్పైక్ అనే కంపెనీ ఇద్దరిని చంద్రుడికి తీసుకెళ్లడానికి సుమారు 140 కోట్ల డాలర్ల ధర ప్రకటించింది. ఆ ప్రయాణం జరగనే లేదు.

భూమిపై చాలా అరుదైన హీలియం-3 అనే వాయువు గురించి వినే ఉంటారు. ఇంటర్‌లూన్ అనే కంపెనీ దాన్ని తవ్వి తెస్తానంటోంది. అమెరికా ఇంధన శాఖ 2025లో 3 లీటర్లకు ఒప్పందం చేసుకుంది. ఆ వాయువు చంద్రమట్టిలో వంద కోట్ల భాగాల్లో పది భాగాల స్థాయిలో ఉంటుంది. సింగరేణి 2023-24లో తీసిన బొగ్గు సుమారు 7 కోట్ల టన్నులు. అంత చంద్రమట్టిని వేడి చేసి ఒక్క రవ్వ పోకుండా పట్టినా వచ్చేది 700 కిలోలు. ధర చాలా ఎక్కువ కాబట్టి గిట్టుబాటు అవుతుందని వాళ్ల వాదన. ఆ మట్టిని కదిలించే యంత్రాలు, వాటికి కరెంటు, వాటిని బాగుచేసే మనుషులు ముందు రావాలి కదా అన్నది నా సందేహం.

చంద్రుడిపై ప్లాటు కొనవచ్చా?

కొనవద్దు. ఆ పత్రానికి ఏ దేశపు చట్టంలోనూ విలువ లేదు. ఒకాయన కూతురి పెళ్లిరోజుకు కానుకగా కొన్న పత్రాన్ని టెలిస్కోపు దగ్గరకు తెచ్చి "మా స్థలం చూపించండి సార్" అన్నారు. ఆయన ముఖంలో సంతోషం చూస్తూ నిజం చెప్పడం నాకు కష్టమైంది, అయినా చెప్పాను. కానుకగా గోడకు పెట్టుకుంటే పెట్టుకోండి, ఆస్తి అనుకుని మాత్రం రూపాయి పెట్టకండి.

మరి ఆ నేల ఎవరిది? మంచు తవ్వుకున్న కంపెనీకి అది సొంతమవుతుందా?

1967 నాటి అంతరిక్ష ఒప్పందం రెండో అధికరణం ప్రకారం చంద్రుడు ఏ దేశానికీ సొంతం కాడు. మన దేశం కూడా ఆ ఒప్పందంలో ఉంది. ఆరో అధికరణం ప్రకారం ప్రైవేటు కంపెనీ చేసే పనికి దాని దేశమే బాధ్యత వహించాలి. కాని నేల సొంతం కాకపోయినా తవ్వి తీసినది సొంతమవుతుందని 2015లో అమెరికా, 2017లో లక్సెంబర్గ్, 2021లో జపాన్ చట్టాలు చేసుకున్నాయి. ఈ పద్ధతికి ముందుమాటగా 2020లో నాసా గుప్పెడు చంద్రమట్టి కొంటానని కంపెనీలను పిలిస్తే, ఒక కంపెనీ ఒకే ఒక్క డాలరుకు ఒప్పుకుంది. చంద్రుడిపై ఎలా మసలుకోవాలో చెబుతూ అమెరికా ముందుకు తెచ్చిన 2020 నాటి ఆర్టెమిస్ ఒప్పందాలు కూడా ఇదే బాటలో ఉన్నాయి. భారతదేశం వాటిపై 2023 జూన్ 21న సంతకం చేసింది. చంద్రుడు మానవాళి ఉమ్మడి వారసత్వం అన్న 1979 ఒప్పందంపై మనం సంతకం చేశాం కాని ధ్రువీకరించలేదు.

నాకు ఇక్కడ మన చెరువులు గుర్తొస్తాయి. కాకతీయుల కాలపు చెరువులన్నీ రాజే తవ్వించలేదు. సేనానులు, సామంతులు, వ్యాపారులు తవ్వించారు. చెరువు తవ్వించినవాడికి, బాగు చేయించినవాడికి ఆయకట్టులో కొంత భూమిని దశబంధంగా ఇచ్చే పద్ధతి తెలుగునేలపై శతాబ్దాలు నడిచింది. పెట్టుబడి పెట్టినవాడికి ఫలంలో వాటా ఉండేది, ఆ వాటాతో మరమ్మతు బాధ్యత ముడిపడి ఉండేది. తూము ఎప్పుడు ఎత్తాలో, ఏ పొలానికి ఎంత పారాలో ఊరి కట్టుబాటు ప్రకారం నీరటి చూసేవాడు. చంద్రుడిపై ఇప్పుడు వాటా గురించి చట్టాలు వచ్చాయి. మరమ్మతు బాధ్యత గురించి, తూము తాళం ఎవరి చేతిలో ఉండాలన్నదాని గురించి రాలేదు. ఎండ తగిలే కొండ అంచులు కొన్నే, మంచు దొరికే గుంతలు కొన్నే. ముందు వెళ్లినవాడు తన చుట్టూ భద్రతా వలయం గీసుకుంటే వెనక వచ్చేవాడి సంగతేమిటి? చైనా, రష్యా కలిసి వేరే పరిశోధన కేంద్రం కడతామని 2021లోనే ఒప్పందం చేసుకున్నాయి కాబట్టి ఇది దూరపు ముచ్చట కాదు. నీటికి కట్టుబాటు రాకుండా స్థావరం వస్తే అది నాకు భయం.

మన కంపెనీలు ఏం చేస్తున్నాయి?

సొంతంగా చంద్రస్థావరం కట్టే భారతీయ కంపెనీ లేదు. రంగం తెరుచుకున్నదే 2020లో, ప్రైవేటు కంపెనీలకు అనుమతులిచ్చే ప్రభుత్వ సంస్థ ఇన్‌స్పేస్ ఏర్పాటుతో. తర్వాత 2023లో అంతరిక్ష విధానం వచ్చింది. హైదరాబాదు కంపెనీ స్కైరూట్ 2022 నవంబరు 18న విక్రమ్-ఎస్‌ను ఎగరేసింది. దేశంలో ప్రైవేటుగా తయారైన మొదటి రాకెట్ అదే. అదే నెలలో హైదరాబాదులోని ధ్రువ స్పేస్ ఉపగ్రహాలు పీఎస్‌ఎల్‌వీపై వెళ్లాయి. ప్రభుత్వ లక్ష్యం 2035కు సొంత అంతరిక్ష కేంద్రం, 2040కి చంద్రుడిపై భారతీయుడు. చంద్రుడి మట్టిని తెచ్చే చంద్రయాన్-4కు 2024లో 2,104 కోట్ల రూపాయలు మంజూరయ్యాయి.

ఇక్కడ పూడిన చెరువులుంటే చంద్రుడిపై ఇంత డబ్బా?

ఈ మాట అన్నది జనగామ వైపు నుంచి వచ్చిన ఒక తల్లి. ఆమెకు వెంటనే జవాబు చెప్పలేకపోయాను. చంద్రయాన్-3కు అయిన ఖర్చు సుమారు 615 కోట్లు. దేశం మొత్తానికి అది పెద్ద మొత్తం కాదు, అది ఆపితే మన చెరువులు బాగుపడతాయని కూడా నేను నమ్మను. కాని ఆమె అడిగింది లెక్క కాదు, శ్రద్ధ. రాకెట్ ఎగిరిన రోజున బడి మైదానం నిండినట్టు పూడిక తీసే రోజున చెరువు గట్టు నిండదు. ఆ మాటలో నాకు తప్పేమీ కనిపించలేదు. ఆ వేసవిలో మా పిల్లలను చెరువు గట్టుకు తీసుకెళ్లి తూము, మత్తడి కొలిపించాను.

మా పాప ఈ రంగంలోకి రావాలంటే ఏం చదవాలి?

రాకెట్ ఇంజిన్లే కాదు. పైన చదివింది మళ్లీ చూడండి: మట్టి, గాలి, నీరు, ధూళి, కరెంటు, చట్టం. సివిల్, మెటలర్జీ, ఎలక్ట్రికల్ మన వరంగల్ ఎన్ఐటీలో ఉన్నాయి. మైనింగ్ ఇంజినీరింగ్ కొత్తగూడెంలో ఉంది. భూగర్భశాస్త్రం చదివి రాళ్లను గుర్తుపట్టగలిగినవాళ్లు కావాలి. అంతరిక్ష న్యాయం తెలిసిన తెలుగువాళ్లు మరీ అవసరం.

ఎప్పటికి?

తేదీలను నమ్మకండి. 2024కల్లా మళ్లీ మనిషిని దింపుతామన్న అమెరికా లక్ష్యం వాయిదాలు పడుతూ వచ్చింది. చైనా 2030 లోపు అంటోంది. కొన్ని వారాలు ఉండివచ్చే శిబిరం మా విద్యార్థులు నడివయసుకు వచ్చేలోపు చూస్తారని నా అంచనా. ఇక్కడి నుంచి సామాను రాకపోయినా ఏడాది బతకగల స్థావరం అంతకంటే చాలా దూరం.

మేడారం జాతర రాత్రి చూస్తే అక్కడి దీపాలు కనిపిస్తాయా?

ములుగు నుంచి వచ్చిన ఆరో తరగతి అమ్మాయి అడిగింది. కనిపించవు తల్లీ. మన కంటికి చంద్రుడిపై వంద కిలోమీటర్ల కంటే చిన్నది విడిగా తెలియదు. నా టెలిస్కోపులో కూడా కిలోమీటరు, రెండు కిలోమీటర్ల లోపుది కనిపించదు. పైగా జాతర జరిగేది మాఘ పున్నమి వేళ. పున్నమి నాడు ఎండ నిటారుగా పడి నీడలు ఉండవు, గుంతలు తెలియవు. చోటు చూడాలంటే సప్తమి, అష్టమి సాయంత్రాలు రా. చంద్రుడు ఆకాశంలో ఎత్తుగా ఉంటాడు. వెలుగు, చీకటి కలిసే గీతను పట్టుకుని దక్షిణం వైపు, చిట్టచివరి అంచుదాకా చూపు జరుపు. అక్కడ గుంతల అంచులు పళ్లలా పైకి లేచి, ఒకటి రెండు చీకట్లో విడిగా మెరుస్తుంటాయి. ఎండ తగులుతున్న ఆ కొండ కొనల వైపే వీళ్లందరూ బయలుదేరింది.